నూటికి ముప్పై

నిన్న పిండి గిర్నీలో కారం పట్టిస్తుంటే ఆ ఘాటుకు వరసగా నాలుగు తుమ్ములు వచ్చాయి. గిర్నీ అతను జాలిగా చూశాడు. నాకు మాత్రం సుగుణ మేడం గుర్తొచ్చి నవ్వొచ్చింది. ఎనుమాముల మార్కెట్లో మిర్చి కుప్పల మధ్య ఆవిడ వెనకాల ఒక ఎండాకాలమంతా తుమ్ముతూ తిరిగాను.

వరంగల్‌లో ఇంజనీరింగ్ చదివేటప్పుడు ఆవిడ మాకు వాతావరణ లెక్కలు నేర్పారు. రాడార్ బొమ్మలో గాలి మనవైపు వస్తే పచ్చరంగు, దూరంగా పోతే ఎరుపు. రెండూ ఒకదాన్నొకటి ఆనుకుని కనిపిస్తే అక్కడ గాలి సుడి తిరుగుతున్నట్టు. ఎంత చెప్పినా నా బుర్రకెక్కలేదు. ఒకరోజు మేడం కొంగు దోపుకుని, మా నేస్తాలు నలుగురితో చేతులు కలిపి వరండాలో గిరగిరా తిరగడం మొదలుపెట్టారు.

"నువ్వే రాడార్‌వి. ఎవరు నీ దిక్కు వస్తున్నరు, ఎవరు పోతున్నరు, చెప్పు!"

"ఎడమ పక్కోళ్ళు వస్తున్నరు మేడం, కుడి పక్కోళ్ళు పోతున్నరు!"

"గదే సుడిగాలి!" అంటూ ఆగేసరికి ఆవిడకే కళ్ళు తిరిగి స్తంభం పట్టుకున్నారు. వరండా అంతా నవ్వులే.

మార్కెట్లో ఆరుబయట పోసిన మిర్చి తడిస్తే రైతు ఏడాది కష్టం పోయినట్టే. అందుకే వాళ్ళకు గాలివాన సంగతి ముందే చెప్పాలని మేడం పట్టుబట్టారు. రాబోయే సాయంత్రాన్ని కంప్యూటర్‌లో కొద్దికొద్దిగా మార్చి వందసార్లు నడిపేవాళ్ళం. ఎన్నిసార్లు గాలి సుడి తిరిగితే నూటికి అంత అవకాశం. మొదటిసారి డెబ్బై వచ్చింది. ఆ ఒక్క అంకే మార్కెట్‌కు కబురు పెట్టాం. రైతులంతా పనులాపుకుని మిర్చి మీద టార్పాలిన్ పట్టాలు కప్పారు. ఆకు కూడా కదల్లేదు. మర్నాడు మేడం తానే నన్ను వెంటబెట్టుకుని అక్కడికి వెళ్ళారు.

మల్లయ్య అనే రైతు నిలదీశాడు. "గాలేది మేడం? దారిల చాయ్ తాగుతాందా?"

"డెబ్బై అంటే, ముప్పై సార్లు రాదని గూడ అన్నట్టే మల్లన్నా."

"గా ముచ్చట నిన్ననే చెప్పాలె గద!"

మేడం ఒప్పుకున్నారు. "నిజమే. చెప్పలే. తప్పు నాదే."

మల్లయ్య తెల్లబోయాడు. తర్వాత మా ఇద్దరికీ చాయ్ తెప్పించాడు.

రెండు వారాలకు లెక్కలో ముప్పై వచ్చింది. మళ్ళీ నవ్వులపాలవుతామని నా భయం. "తక్కువే కద మేడం, చెప్పకుంటే ఏమైతది?"

"మన పరువు కోసం వాళ్ళ మిర్చి తడువాల్నా? నువ్వే ఫోన్ చెయ్. రెండంకెలు చెప్పు. కప్పుకునుడు, కప్పుకోకపోవుడు వాళ్ళ ఇష్టం."

మల్లయ్యకు ఫోన్ చేసి చెప్పాను: "వచ్చేటందుకు ముప్పై, రాకపోయేటందుకు డెబ్బై."

"గిట్ల చెప్తే సమజైతది బిడ్డా. పట్టా కప్పుడెంత సేపు? అందరికి నేను చెప్త."

మధ్యాహ్నం మూడింటికి పడమర నల్లబడింది. రాడార్ తెర మీద పచ్చరంగు, ఎరుపు ఒకదాన్నొకటి ఆనుకున్నాయి. మేడం నా భుజం గట్టిగా పట్టుకున్నారు. ఈదురుగాలి, వెంటనే వడగళ్ళు. వాన వెలిశాక ఫోన్ మోగింది. "ఒక్క కాయ తడువలే బిడ్డా!" మల్లయ్య అరుస్తున్నాడు. వెనక ఈలలు, కేకలు. ల్యాబులో మేమంతా ఎగిరి గంతులేశాం.

మేడం కళ్ళు తుడుచుకుంటూ నవ్వారు. "ఇయ్యాల ముప్పైల పడ్డం. రేపు తప్పినా ఫికర్ చెయ్యకు. పోయి వాళ్ళ ఎదురుంగ నిలబడు, అంతే."

ఇప్పుడు నేను చేసేదీ గాలివాన లెక్కలు చెప్పే పనే. తెర మీద అంకె చూసి దాన్ని కాస్త పెంచుదామనో, అసలు దాచేద్దామనో ఒక్కోసారి మనసు లాగుతుంది. ఆ లాగుడు తెలియగానే ఉన్నదున్నట్టు చెప్పేస్తాను. మొన్న ఒక ఊరికి వచ్చేందుకు అరవై, రాకపోయేందుకు నలభై అన్నాను. గాలి రాలేదు. తెల్లారి వాళ్ళు అడగకముందే నేనే ఫోన్ చేశాను.