నాపబండల ఆట

ఎర్రగుంట్ల దగ్గర తన గనిలో తీసిన నాపబండల్ని గంగిరెడ్డి ఇంటి వెనక పరిపించి, కొడుకు ఓబుళరెడ్డి చేతికి బ్యాటు ఇచ్చాడు. తడిపిన బంతి ఆ నల్లబండల మీద పడి ఛాతీ దాకా లేచేది. వెనక్కి అడుగేసి కొట్టడం అతనికి అక్కడే అబ్బింది. ఆ అడుగే అతన్ని దేశం జట్టు దాకా తీసుకుపోయింది.

తన నాలుగో టెస్టులో, ఇంగ్లండులో తడి పిచ్ మీద బంతి లేవలేదు. అలవాటుగా వెనక్కి వెళ్లిన ఓబుళరెడ్డి, బంతి కాలికి తగిలి ఎల్బీడబ్ల్యూ అయ్యాడు. మళ్లీ పిలుపు రాలేదు. రేడియోలో విన్న ఊరంతా అంపైరును తిట్టిపోసింది.

"ఆ అంపైరు నీకు అన్యాయం చేసినాడు గదప్పా" అని ముసలాయన ముప్పై ఏళ్లు అడుగుతూనే ఉన్నాడు.

"ఔ నాయనా" అనేవాడు కొడుకు. తప్పు బండలదంటే ఆయన తట్టుకోలేడు. కడపలో పిల్లలకు ఆట నేర్పేటప్పుడు మాత్రం మట్టి పిచ్ మీద, మొదటిరోజే ముందుకు అడుగేయించేవాడు.

మొన్న వేసవిలో గంగిరెడ్డి పోయాడు. సమాధికి గ్రానైటు వేయిద్దామన్నారు బంధువులు. ఓబుళరెడ్డి వినలేదు. ఇంటి వెనక బండల్ని పెకలించి తెచ్చి, దగ్గరుండి పరిపించాడు. అందరూ వెళ్లాక బండ మీద చెయ్యి ఆనించి కూర్చున్నాడు.

"అంపైరు తప్పేమీ లేదు నాయనా" అన్నాడు.