పేరు కొట్టిస్తే వాపసు లేదు

వస్తువులు కొనడంలో నాకంటే ఘనులు నిజామాబాద్‌లో చాలామంది ఉంటారు. వాపసు ఇవ్వడంలో మాత్రం నాకు సాటి లేరు. పది రోజుల్లో తిరిగి ఇవ్వొచ్చని ఫోన్‌లో కనిపిస్తే చాలు, నా వేలు ఆగదు. తమ్ముడి పెళ్లికి కట్టిన చీర ట్యాగు తెంపకుండా కొంగు చాటున దాచి, మూడో రోజు డబ్బాలో పెట్టి పంపించాను. బతుకమ్మకు తెప్పించిన కర్టెన్లు, చుట్టాలొస్తే పరిచిన తివాచీ, అన్నీ వచ్చాయి, ఫోటో దిగాయి, వెళ్లిపోయాయి. "గిది ఇల్లా, బస్టాండా?" అనేవాడు మా ఆయన. సిగ్గు లేదా అంటే, ఉంది. దాన్ని కూడా పది రోజుల్లో వాపసు ఇచ్చేసేదాన్ని.

పోయిన ఏడాది మా వదిన, అంటే మా ఆయన అక్క, రెండు రోజులుండి పోతానని హైదరాబాద్ నుంచి ఫోన్ చేసింది. అంతకు ముందు వారమే ఆమె ఇంటి గ్రూపులో కొత్త ఎయిర్ ఫ్రయర్ ఫోటో పెట్టింది. 'మా ఇంట్ల నూనె ముట్టుడే లేదు ఇగ' అని కింద రాసింది. నాకు ఒళ్లు మండింది. పాప స్కూలు ఫీజుకని దాచిన పైసలు తీసి, ఆమెదానికన్నా పెద్దది, పైనంతా స్టీలున్నది తెప్పించాను. పది రోజుల్లోపు పంపించేస్తే పైసలు తిరిగొస్తాయి, ఫీజు కట్టేస్తాను. అంతా పక్కాగా అనుకున్నాను.

వదిన వచ్చింది. ఆలుగడ్డ ముక్కలు వేయించి ముందు పెట్టాను.

"ఎప్పుడు కొన్నవ్ ఇది?"

"ఎప్పటి నుంచో ఉంది వదినా," అన్నాను.

పక్కన కూర్చున్న మా అత్తమ్మ ఒక్కసారి దగ్గి ఊరుకుంది. వదిన ముఖం చిన్నబోయింది. ఆ రెండు రోజులూ నాకు పండగే. ఆమె బస్సెక్కిందో లేదో మిషను కడిగి, దూది పుల్లలతో సందులన్నీ తుడిచి, డబ్బా పక్కన సిద్ధంగా పెట్టాను.

తొమ్మిదో రోజు నాలుగింటికి దాన్ని తీసుకుపోవడానికి మనిషి వస్తాడు. నేను పాఠాలు చెప్పే బడి నుంచి మూడున్నరకు ఇంటికొచ్చి చూస్తే డబ్బా ఉంది, మిషను లేదు. అత్తమ్మ కూడా లేదు. మంచం కిందా, అల్మారాలోనూ వెతికాను. ఇంతలో గేటు ముందు ఆటో ఆగింది. తువ్వాల చుట్టిన మిషనును చంటిపిల్లలా ఎత్తుకొని అత్తమ్మ దిగింది.

"దీన్ని పట్టుకొని ఏడికి పోయిండ్రు అత్తమ్మా?"

"గాంధీచౌక్‌ల స్టీలు దుకాణంకు. పేరు కొట్టిచ్చుకొచ్చిన."

తువ్వాల తీసింది. మీటల కింద, మెరిసే స్టీలు మీద, చుక్కలు చుక్కలుగా చెక్కిన అక్షరాలు!

అత్తమ్మది కోటగిరి దిక్కు. అక్కడ ఎవరింట్లో పెళ్లయినా నాలుగిళ్ల గిన్నెలు పోవాల్సిందే. పేరు లేని గిన్నె మళ్లీ ఇల్లు చేరదు. అందుకే మా వంటింట్లో గంటె నుంచి గంగాళం దాకా అన్నిటి మీదా మామయ్య పేరుంటుంది.

"ఎంత పని జేసిండ్రు! గిప్పుడు దీన్ని వాపసు ఎవరు తీస్కుంటరు? పాప ఫీజు పైసలు అత్తమ్మా అవి!"

అత్తమ్మ గతుక్కుమంది. "ఫీజు పైసలా? గా ముచ్చట నాకు చెప్పలే గద బిడ్డా."

అంతలోనే కొరియర్ ఆయన వచ్చాడు. మిషనును అటూ ఇటూ తిప్పి చూశాడు.

"దీని మీద పేరుంది మేడం. వాపసు తీస్కోనీకి రాదు."

"మా మామయ్యది," అన్నాను ఏడుపు గొంతుతో.

"మామయ్యది కాదు మేడం, మీదే. నా ఫోన్ల ఉన్న పేరే గిది."

అప్పుడు చదివాను. నా పేరే. ఇంటిపేరుతో సహా.

"మీ మామ పేరెందుకు కొట్టిస్త?" అంది అత్తమ్మ. "నలభై ఏండ్లు ఆయన పేరే తోమిన. నా పేరు ఒక్క గంటె మీద గూడ లేదు. ఇది నీ కష్టం పైసలతోటి వచ్చింది. నాకు అచ్చరాలు రావు గద, దుకాణపాయనతోటి మూడుసార్లు చదివిచ్చిన."

కోపం పోలేదు నాకు. కళ్లు మాత్రం నిండాయి. కొరియర్ ఆయనను ఉత్త చేతులతో పంపించాను. పాప చదివేది నేను పనిచేసే బడిలోనే కాబట్టి, ఫీజును రెండు నెలలు నా జీతంలో పట్టుకున్నారు. ఆ రెండు నెలలూ మా ఇంటికి ఒక్క డబ్బా రాలేదు. కొరియర్ ఆయన బజార్లో కనిపించి, "పానం మంచిగుందా మేడం?" అని అడిగాడు పాపం.

ఒకరోజు ఆలుగడ్డలు వేయిస్తూ ఉండబట్టలేక అడిగేశాను.

"నిజం చెప్పుండ్రి అత్తమ్మా. నేను దాన్ని వాపసు ఇస్తున్ననని మీకు తెల్వదా?"

"ఎందుకు తెల్వదు? నాలుగింటికి రమ్మని నువ్వు ఫోన్ల చెప్తుంటె ఇన్న. గందుకే రెండింటికే పోయిన."

వేగిన ముక్కలు పళ్లెంలో వేసి ఆమె ముందుకు జరిపాను. అత్తమ్మ ఒక ముక్క తీసుకొని ఊదుకుంటూ అంది, "వచ్చినదాన్నల్ల సాగనంపుతున్నవ్. డబ్బా గేటు దాటినంక నీ మొఖం ఎట్లయితదో నేను సూస్తలేనా? ఒక్కటన్న నీది అయితే మంచిగుంటది అనిపిచ్చింది బిడ్డా."