గిట్ల అంటే ఎట్ల

సర్కారు వారి రైలు వేళకు వచ్చినా, మనిషికి మాత్రం కడుపులో మాట నోటికి రావడానికి వారాలు పట్టే కాలం అది. మొగుడూ పెళ్లాలు పదిమందిలో పేర్లు పెట్టి పిలుచుకోవడమే లేదు, ఇక కడుపుల సంగతులు ఎవరు మాట్లాడతారు? నేను ఇంటర్మీడియట్ అయి ఆలేరులో లెక్కల పంతులుగా చేరాను. స్టేషను వెనక రెండర్రల ఇల్లు కిరాయికి తీసుకుని కొత్త కాపురం పెట్టాను. మా అత్త చౌటుప్పల్లో, నన్ను కన్న అవ్వ మర్రిగూడలో. ఇంట్లో పెద్ద దిక్కంటూ ఉంటే అది నేను, నా ఆరోగ్యశాస్త్రం పుస్తకం. (అందులో మొదటి సగమే పరీక్షకు వచ్చింది.)

ఒకనాడు అన్నం పెడుతూ మా ఆవిడ చేయి ఆపింది. పొత్తికడుపులో గుంజినట్టయితాందని, ఉబ్బినట్టుంటాందని, నొప్పి అని మాత్రం అనలేనని చెప్పింది. గోడకేసి చూస్తూ, "నాకు కడుపు గిట్ల ఉన్నదేమో" అంది.

"గిట్ల అంటె ఎట్ల?" అన్నాను, శాస్త్రీయంగా.

ఆమె గిన్నె తీసుకుని లోపలికి పోయింది. నేను ఆలోచించి, మొన్న అంగట్లోంచి నేనే తెచ్చిన పచ్చి పల్లీల మీద నేరం మోపాను. పుస్తకం ప్రకారం ఒక పూట లంఖణం, ఒక పూట వాము నీళ్లు అయినయి. గుంజుడు తగ్గలేదు. ఇక ఆముదమే గతి అని తేల్చి, సీసా తెచ్చి గూట్లో పెట్టాను. "నేను తాగ" అందామె. కారణం చెప్పలేదు. నేనూ అడగలేదు, రోగి అభిప్రాయానికి మా పుస్తకంలో చోటు లేదు.

ఆముదం తాగించిన రోజు ఇంట్లో ఒక మనిషి ఉండాలి గనుక, బడికి ఒక దినం సెలవు కావాలని ఉర్దూలో దర్ఖాస్తు రాశాను. చదువంతా ఉర్దూలోనే సాగింది, రసాయనాల పేర్లన్నీ వచ్చు. మా ఆవిడ కడుపుతో ఇబ్బంది పడుతోందని రాయాలి. 'పేట్ సే పరేషాన్ హై' అని రాశాను. ఇంటి ఇబ్బందిని పెద్దది చేసి పైవారికి చెప్పడం మర్యాద కాదనిపించి 'పరేషాన్' కొట్టేశాను. 'మేరీ బీవీ పేట్ సే హై' అని మిగిలింది. ఆ ఐదు మాటలకు ఉర్దూ వాళ్ల ఇళ్లలో గర్భమనే అర్థమని నాకు ఏ ఒజ్జా చెప్పలేదు.

మా హెడ్మాస్టరు తెల్లగడ్డం పెద్దమనిషి. చదివి, కళ్లద్దాలు తీసి, లేచి నా చేయి పట్టుకుని ముబారక్ అన్నాడు. నేను వినయంగా, ఇందులో గొప్పేమీ లేదు సాబ్, నా పొరపాటే, రేపు పొద్దున ఆముదం తాగిస్తే లోపలున్నదంతా పోతుంది అన్నాను.

ఆయన కూర్చున్నాడు. కళ్లద్దాలు మళ్లీ పెట్టుకుని, "మియా, ఇది మీ పెద్దవాళ్లకు తెలుసా?" అన్నాడు.

ఇంత చిన్నదానికి వాళ్లెందుకు సాబ్ అన్నాను.

ఆయన తన ఇంటికి కబురు పంపి, నన్నూ ఇంటికి తోలాడు. గడియలో పరదా కట్టిన బండి మా వాకిట్లో ఆగింది. హెడ్మాస్టరు గారి భార్య, బేగం సాహెబా, దిగి లోపలికి పోయి తలుపేసుకుంది. నన్ను బయట అరుగు మీద కూర్చోబెట్టారు. లోపల్నుంచి ముందు గుసగుస, తర్వాత నవ్వు, ఆ తర్వాత మరీ ఎక్కువ నవ్వు వినిపించాయి. పోతూ పోతూ ఆమె ఆముదం సీసా బుర్ఖాలో పెట్టుకుని పోయింది. మా ఆవిడకు అప్పటికి రెండో నెలట.

"మరి చెప్పవేం?" అన్నాను మా ఆవిడతో.

"చెప్పిన గద. కడుపు గిట్ల ఉన్నదేమో అని."

మా దిక్కు 'చాయ్ గిట్ల తాగుతవా' అంటాం, అంటే చాయో మరొకటో అని. ఆమె గర్భం లాంటిదేమో అని చెప్పింది. కడుపు ఇలా ఉందని నేను విన్నాను. ఒక్క మాట వినడంలో తేడాకు ఒక ప్రాణం ఆముదం దాకా వచ్చి తప్పించుకుంది.

ఆ ప్రాణమే, మా బిడ్డ, మొన్న తన అత్తగారింటి నుంచి వచ్చింది. వాళ్లమ్మ ఇంట్లో లేదు. నా పక్కన కూర్చుని, "నాయినా, పొద్దటి సంది కడుపుల జర గుంజుతాంది" అంది. నేను పత్రిక మడిచి, మంచినీళ్లిచ్చి, అమ్మ వచ్చేదాకా కూర్చో బిడ్డా అన్నాను. మరో మాట అడగలేదు. నాకు ఇరవై రెండేళ్లప్పుడైతే ఈపాటికి రోగం పేరు, మందు రెండూ చెప్పేసి ఉందును. ఆ కుర్రవాడికి ఎన్ని సంగతులు తెలుసో తలుచుకుంటే ఇప్పటికీ కొంచెం ఈర్ష్యగానే ఉంటుంది.