దానియేలు చెక్కిన పదిహేడు

కాశిబుగ్గలో మగ్గాల చప్పుడు ఆగిపోయే చోట దానియేలు ఉలి చప్పుడు మొదలయ్యేది. సాలెవాడ చివర రేకుల షెడ్డు అతనిది. షాబాదు బండల మీద అక్షరాలు చెక్కడం అతని పని. వరంగల్లులోనూ చుట్టుపక్కల పల్లెల్లోనూ క్రైస్తవుల ఇళ్ళల్లో ఎవరు పోయినా, ఏడాది తిరిగేలోగా సమాధి మీద పెట్టే పేరుబండ కోసం అతని దగ్గరికే వచ్చేవారు.

తండ్రిదీ అదే పని. కానీ తండ్రికి చదువు రాదు. ఎవరో కాగితం మీద రాసిచ్చిన గీతలను చూసి గీతలుగానే చెక్కేవాడు. ఒకసారి రూతమ్మ అనే ముసలామె బండ మీద కొమ్ముకు బదులు ఉత్త దీర్ఘం పడి ‘రాతమ్మ’ అయింది. ఆ ఇంటివాళ్ళు బండను తీసుకుపోలేదు. తండ్రి దాన్ని బోర్లించి ఇంటి వెనక స్నానాల దడిలో పరిచాడు. దానియేలు చిన్నతనమంతా ఆ తప్పు మీద నిలబడే నీళ్ళు పోసుకున్నాడు. అక్షరాలు కనబడేవి కావు గాని, అరికాళ్ళ కింద అవి ఉన్నాయని తెలుసు.

అందుకే ఏడో తరగతి దాకా పట్టుబట్టి చదివాడు. అంతటితో ఊరుకోలేదు. బండ మీద ముందు ఎర్ర జాజుతో అక్షరాలు రాసి, రెండు ఇళ్ళ అవతల ఉండే సారంగపాణి సారును పిలుచుకొచ్చేవాడు. ఆయన తెలుగు పంతులుగా చేసి రిటైరయిన మనిషి. కళ్ళజోడు నుదుటి మీదికి నెట్టి, బండ మీదికి వంగి, ఒక్కో అక్షరం వేలితో చూపిస్తూ చదివేవాడు. ఆయన ‘ఊఁ’ అన్నాకనే దానియేలు ఉలి పట్టేవాడు. ఇరవై రెండేళ్ళలో అతని చేతి కింద ఒక్క తలకట్టు కూడా పక్కకు పోలేదు.

1978 జూలైలో రఘునాథపల్లి నుంచి ఏసోబు అనే రైతు వచ్చాడు. చేతిలో నాలుగు మడతల కాగితం. తమ్ముడు జ్ఞానప్రకాశం పేరు మీద బండ కావాలన్నాడు. తమ్ముడికి ఇరవై నాలుగేళ్ళు, పెళ్ళి కాలేదు. ములుగు అవతల అడవి పల్లెల్లో మలేరియా మందు కొట్టే పనికి పోయాడు. ఆ ముందటేడు ఆగస్టు పద్నాలుగున వాగు దాటుతుంటే జీపు కొట్టుకుపోయింది. జీపులో ఉన్న మిగతా ఇద్దరు ఒడ్డెక్కారు, అతను ఎక్కలేదు. వారం రోజులకు శవం కింద ఎక్కడో మోదుగు పొదలకు తగులుకొని దొరికింది. చొక్కాను బట్టి గుర్తుపట్టారు.

“మూడు దినాలు ఎతికిన అన్నా. రెండు ఒడ్లు ఎతికిన,” అన్నాడు ఏసోబు. దానియేలు కాగితం మడతలు విప్పాడు.

కాగితంలో పేరు, పుట్టిన ఏడు, చనిపోయిన తేదీ, కింద ‘ప్రభువునందు నిద్రించెను’ అన్న మాట. అంతే. మర్నాడు జాజుతో రాశాడు. సారంగపాణి వచ్చి చూశాడు. “పద్నాలుగు, ఎనిమిది, డెబ్బై ఏడు. ఊఁ,” అన్నాడు.

రెండు రోజులు చెక్కాడు. మూడోనాడు మధ్యాహ్నం మబ్బు కమ్మింది గాని చినుకు పడలేదు. తేదీ దగ్గరికి వచ్చాడు. ఒకటి చెక్కాడు. తర్వాతి అంకె మీద ఉలి పెట్టగానే ఎక్కడో నీళ్ళు పారుతున్న చప్పుడు వినబడింది. నల్లా విప్పి మరిచిపోయారేమో అనుకున్నాడు. లేచి చూడలేదు, చేయి నడుస్తోంది గదా అని. చెక్కడం అయ్యాక రాతిపొడిని ఊదాడు. ఒకటి పక్కన ఏడు ఉంది.

నాలుగు చెరిగిపోలేదు. జాజుతో రాసిన ఎర్రటి నాలుగు రాతి మీద అట్లాగే ఉంది. దాని మీదుగా, దాన్ని పట్టించుకోనట్టుగా, లోతుగా, నున్నగా ఏడు దిగి ఉంది. ఇంత అందమైన ఏడు అతను ఎప్పుడూ చెక్కలేదు.

సారంగపాణి వచ్చి బండ మీదికి వంగి చూశాడు. తర్వాత జేబులోంచి చిన్న నోటుబుక్కు తీశాడు. అరుదైన మాటలు కనిపిస్తే అందులో రాసుకోవడం ఆయనకు అలవాటు.

“మీ నాయన రాతమ్మ అని చెక్కింది తప్పు,” అన్నాడు. “అక్షరం రాక చేసింది తప్పు. అక్షరం వచ్చిన చెయ్యి, తనకు తెలువకుంట చేసిందాన్ని తప్పు అనరు దానియేలూ. దానికి వేరే మాట ఉన్నది. స్ఖాలిత్యం.”

“అంటె ఏంది సారూ?”

“జారుడు. కాలు జారితె స్ఖాలిత్యమే, నాలుక జారితె స్ఖాలిత్యమే, రాసే చెయ్యి జారినా అదే. ఇయ్యాల రేపు ఆ మాట వాడేటోళ్ళు లేరు. అచ్చుతప్పు, రాతతప్పు అని సరిపెట్టుకుంటరు.” ఆయన ఆ ఏడు మీద వేలు పెట్టి, వెంటనే తీసేశాడు. “కాలు జారితె మనిషి కింద పడ్తడు. చెయ్యి జారితె ఎక్కడ పడ్తదో ఈ బుక్కులల్ల లేదు. జర ఇంకో బండ తీస్కో.”

ఇంకో బండ తీసుకున్నాడు. ఈసారి భార్య రాహేలును ఎదురుగా పీట వేసి కూర్చోబెట్టాడు. “నేనేం చెక్కుతాన్ననో సూసుకుంట ఉండు. పక్కకు పోయిందంటె చెయ్యి పట్టుకో,” అన్నాడు. పట్టపగలు, ఎండ కాస్తోంది. తేదీ దగ్గరికి వచ్చేసరికి అతని అరచేయి తడిసింది. చెమట కాదు. చల్లగా ఉంది, బురదవాసన వేసింది. అయినా రాహేలు చూస్తోంది గదా అని సుత్తి వేస్తూనే పోయాడు.

పొడి ఊదాక రాహేలు పీట మీంచి లేచి వెనక్కి నడిచింది.

“నాలుగే చెక్కినవ్,” అంది. “దేవుని తోడు, నేను రెప్ప కొట్టలే. నాలుగే కనపడ్డది.”

ఏడు ఉంది.

తెల్లారి దానియేలు బస్సెక్కి రఘునాథపల్లికి పోయాడు. ఇరవై రెండేళ్ళ పేరు పోతే పోనీ, అబద్ధమాడి ఆ బండను అంటగట్టడం అతని వల్ల కాదు. ఏసోబు పొలం పోయాడు. తల్లి సారమ్మ ఒక్కతే ఇంటి ముందు కూర్చొని పెసలు చెరుగుతోంది. దానియేలు చేతులు కట్టుకొని జరిగింది చెప్పాడు. రెండు బండలు పాడు చేశాననీ, రెండుసార్లూ పదిహేడే పడిందనీ, మూడోది వేరే చెక్కేవాడితో చేయించుకొమ్మనీ అన్నాడు.

సారమ్మ చేట కింద పెట్టింది. తిట్టలేదు. ఏ అంకె పడిందో ఇంకోసారి చెప్పమంది. చెప్పాడు. ఆమె లోపలికి పోయి, ట్రంకుపెట్టె అడుగు నుంచి ఒక గుడ్డపేలిక తెచ్చి అతని ముందు పెట్టింది. జానెడు వెడల్పు, పసుపురంగు అంచు. చీర చింపిన పేలిక. ఆకుపసరు ఎండి గట్టిపడి ఉంది.

“శవం వచ్చిననాడు కాళ్ళు నేనే కడిగిన,” అంది. “ఎవ్వల్ని దగ్గరికి రానియ్యలే. ప్యాంటు లోపల, మోకాలి కింద ఇది కట్టి ఉన్నది బిడ్డా. రెండు ముడులు. నీళ్ళల్ల కొట్టుకపోయేటోని కాలికి కట్టు ఎవలు కట్టిన్రు?”

దానియేలు పేలికను ముట్టుకోలేదు.

“ఆడు ఆనాడు సావలే. ఎవలో ఒడ్డుకు తీసి మందు కట్టిన్రు. ఎన్నొద్దులు బతికిండో నాకు తెలువది. ఇయ్యాల నువ్వు చెప్తాన్నవ్.”

“మరి ఏసోబుకు...”

“మూడు దినాలు ఎతికిన అన్నడు. ఆని చెప్పులకు బురద ఒక్కనాటిదే ఉన్నది. నేను తల్లిని, నాకు తెలువదా? ఒక కొడుకును వాగు తీస్కపోయింది. ఇంకొక్కన్ని నేను మాటతోని సంపుకోవాల్నా?” ఆమె పేలికను మళ్ళీ మడిచింది. “ఆ బండ అట్లనే ఉండనీ. అదే పెట్టు.”

ఆ మాట పూర్తవుతుండగా గుమ్మం పక్క నీడ పడింది. ఏసోబు. ఎప్పుడు వచ్చాడో, ఎంత విన్నాడో తెలియదు. తల్లి చేతిలోని పేలికను తీసుకొని, దాన్నే చూస్తూ అరుగు మీద కూలబడ్డాడు.

“ఒక్క దినమే ఎతికిన,” అన్నాడు. “పొద్దూకంగ అవతలి దిక్కుకెల్లి ఎవలో కేకేసినట్టు వినపడ్డది. వాగు మంచి ఊపు మీద ఉన్నది. నాకు భయమైంది. పిట్ట అనుకున్న. పిట్టే అని రెండు దినాలు ములుగుల కూసొని, నాకు నేనే చెప్పుకున్న.”

సారమ్మ అతని తల మీద చేయి వేసింది.

మర్నాడు ఏసోబు ఆ పేలికను జేబులో పెట్టుకొని ములుగు బస్సెక్కాడు. ఐదో రోజున వరంగల్లు వచ్చి ముందుగా దానియేలు షెడ్డులోకే వచ్చాడు. సారంగపాణి కూడా అక్కడే ఉన్నాడు. ఏసోబు నిలబడే చెప్పాడు.

వాగు అవతల మూడు గూడేల్లో తిరిగాడట. ప్రతి ఇంటి ముందూ ఆ పేలిక చూపించాడట. మూడో గూడెంలో సారలమ్మ అనే ముసలమ్మ దాన్ని చూడగానే ఇంట్లోకి పోయి, అంచు చిరిగిన పసుపుచీర తెచ్చి పక్కన పరిచింది. చిరుగుకు చిరుగు సరిపోయింది. వరద వచ్చిన మర్నాటి సాయంత్రం ఒక పిలగాడు వేరు పట్టుకొని కేకలు వేస్తుంటే ఆమె, ఆమె అల్లుడు పోశయ్య కలిసి పైకి లాగారు. కాలు విరిగింది. వాగు దాటి కబురు చెప్పడానికి దారి లేదు. గంజి తాగించారు. అన్న వస్తాడని చెప్పేవాడట. జ్వరం వచ్చింది. వాగుకు వరదొచ్చిన నాల్గోనాడు పొద్దుటే పోయాడు. పోలీసులు తమ మీదికి వస్తారని భయపడి, నీళ్ళు తగ్గకముందే తీసుకుపోయి వాగు ఒడ్డున పెట్టారు. వాగు మళ్ళీ తీసుకుపోయింది.

సారంగపాణి వేళ్ళు మడిచి లెక్కపెట్టాడు. పద్నాలుగు, పదిహేను, పదహారు. నాల్గో వేలు మడిచి ఆపేశాడు.

సాలెవాడలో మగ్గాలు నడుస్తూనే ఉన్నాయి.

“కేక పిట్టది కాదు,” అన్నాడు ఏసోబు. అన్నాక మనిషి కొంచెం తేలికపడ్డట్టు కనిపించాడు.

ఆగస్టులో బండ పెట్టారు, పదిహేడుతోనే. ఊళ్ళో కొందరు తేదీ తప్పు పడిందన్నారు. ఏసోబు అందరి ముందూ నిలబడి, తప్పు పడలేదనీ, వెతకాల్సినవాడే వెతకలేదనీ చెప్పాడు. ఆ తర్వాత ఏటా ఒకసారి బియ్యం, ఒక చీర పట్టుకొని ఆ గూడేనికి పోయి వచ్చేవాడు. తల్లి మొదటి రెండేళ్ళు అతనితో పోయింది, తర్వాత నడవలేకపోయింది.

దానియేలు పని మానలేదు గాని, తేదీలు చెక్కడం మానేశాడు. పేరు చెక్కేవాడు, వాక్యం చెక్కేవాడు, తేదీ చోటు నున్నగా తోమి వదిలేసేవాడు. “వేరేటోళ్ళతోని చెక్కించుకోండ్రి, ఏమనుకోకుండ్రి,” అనేవాడు. కొందరు చెక్కించుకున్నారు, కొందరు అట్లాగే ఉంచేశారు. భార్యాభర్తలిద్దరికీ ఒకే బండ కావాలని, బతికి ఉన్నవాళ్ళ పేరు కూడా చెక్కి పెట్టమని వచ్చేవాళ్ళుంటారు. పేరు పక్కన చెయ్యి ఇంకా రాని తేదీ వేస్తుందేమోనని వాళ్ళను షెడ్డు గడప దాటనిచ్చేవాడు కాదు.

సారంగపాణి ఒకనాడు నోటుబుక్కు తెరిచి, స్ఖాలిత్యం అన్న మాట కింద కాలు, నాలుక, చేయి అని మూడు వాడుకలు రాసి ఉన్నాయనీ, నాలుగోది రాయనా అనీ అడిగాడు.

“రాయకుండ్రి సారూ,” అన్నాడు దానియేలు. “ఇప్పటిదాంక దానికి పేరు లేదు. పేరు పెడితె పిలిస్తె వస్తది.”

ఆయన కలం మూసేశాడు.

1984 వానాకాలం పోయాక ఏసోబు వచ్చాడు. గూడెంలోని సారలమ్మ చనిపోయిందట. ఆమెకు ఒక బండ చెక్కాలన్నాడు. తేదీ వద్దు, పేరు చాలన్నాడు. దానియేలు ఒప్పుకున్నాడు. అక్కడివాళ్ళ ముందే చెక్కాలని, బండను జీపులో వేసుకొని ఇద్దరూ పోయారు. వాగులో మోకాలి లోతు నీళ్ళే ఉన్నాయి.

పోశయ్యతో పాటు గూడెం పెద్దలు నలుగురు వచ్చి బండను చూశారు, తట్టి చూశారు. బాగుందన్నారు. తమవాళ్ళకూ రాళ్ళు నిలబెడతామన్నారు. దానియేలు ఉలి తీయగానే ఒక పెద్దాయన వారించాడు.

“రాయి చాలు. మా ముసల్దానికి చదువు రాదు. రాత పెడితే ఎవలిదో అనుకుంటది.”

ఏసోబు దానియేలు వైపు చూశాడు. దానియేలు ఉలిని సంచిలో పెట్టేశాడు. ఆరేళ్ళుగా ఎక్కడో బిగుసుకుని ఉన్నది వదులైనట్టయింది. అందరూ కలిసి గుంత తీసి, రాయిని నిలబెట్టి, చుట్టూ మట్టి తొక్కారు. ఒరగకుండా దానియేలు దాన్ని కుడిచేత్తో పట్టుకున్నాడు. పోశయ్య కల్లు తెచ్చి మొదలులో పోశాడు.

అంతా అయ్యాక ఏసోబు మెల్లగా పిలిచాడు. “అన్నా, నీ చెయ్యి.”

దానియేలు చూసుకున్నాడు. కుడిచేతి చూపుడువేలు రాతి మీద కదులుతోంది. గోరుతో మెల్లగా, తొందర లేకుండా ఏదో గీస్తోంది. ఏం గీస్తోందో చూడకుండా మొహం తిప్పుకొని, ఎడమచేత్తో ఆ చేతిని లాక్కుని గట్టిగా పట్టుకున్నాడు. వాగు దాటుతున్నప్పుడూ, జీపులోనూ, కాశిబుగ్గ చేరేదాకా దాన్ని వదల్లేదు.