డాక్టరమ్మ గారు చెప్పిన ఫ్రెనాటమీ

సఖినేటిపల్లి రేవులో పంటు ఎక్కి నరసాపురం వెళ్తున్నాను. గోదావరి మధ్యలో ఉండగా అక్క ఫోన్ చేసింది. ఇంజను చప్పుడులో "పోయేరురా" అన్న మాట ఒక్కటే వినబడింది.

"ఎవరే?" అని అరిచాను. బైకుల మీద కూర్చున్నవాళ్ళు తిరిగి చూశారు.

"డాక్టరమ్మ గారురా. రాత్రి పడుకున్నావిడ పొద్దున్న లేవలేదంట."

అవతలి ఒడ్డున నాకు అచ్చాఫీసులో పని ఉంది. దిగలేదు. అదే పంటు మీద అలాగే నిలబడి వెనక్కి వచ్చేశాను. టిక్కెట్టు కొట్టే అతను "ఏవండీ, దిగలేదేం?" అని అడిగితే ఇంకో టిక్కెట్టు డబ్బులు చేతిలో పెట్టాను.

మలికిపురం చుట్టుపక్కల వాళ్ళకి ఆవిడెవరో చెప్పక్కర్లేదు. మిగతావాళ్ళ కోసం రాస్తున్నాను. ఆవిడ చెవి, ముక్కు, గొంతు డాక్టరు. సర్కారు ఆసుపత్రిలో చేసి రిటైరయ్యాక ఇంటి ముందుగదిలోనే రోగుల్ని చూసేవారు. ముక్కులో చింతగింజ దూర్చుకున్న పిల్లలూ, గొంతులో చేపముల్లు దిగిన పెద్దలూ వరండాలో పక్కపక్కనే కూర్చునేవారు. చేతులు కడుక్కున్నాక తువ్వాలు వాడేవారు కాదు. రెండు చేతులూ గాలిలో ఆడిస్తూ, ఆరేదాకా కబుర్లు చెప్పేవారు. ఆ కబుర్లలోనే సగం జబ్బు కనిపెట్టేసేవారని మా ఊళ్ళో అనుకునేవాళ్ళు. ఎంత చిన్న పని చేసినా "ఏం కాదమ్మా, నొప్పుండదు" అని మాత్రం అనేవారు కాదు. "నొప్పుంటుంది. ఎంతసేపు ఉంటుందో అది కూడా చెబుతాను" అనేవారు.

నేను వెళ్ళేసరికే వీధి మొదట్లో ఫ్లెక్సీ కట్టేశారు. 'వైద్య శిఖరం నేలకొరిగింది' అట. కింద, కట్టించినవాళ్ళ ఫొటోలు ఆవిడ ఫొటో కంటే పెద్దవి. నాకు చింపేద్దామనిపించింది. ఆవిడైతే ఎర్ర పెన్ను అడిగి, 'శిఖరం' కొట్టేసి, 'ముసలమ్మ' అని రాసి నవ్వుకునేవారు. లోపల ఆవిణ్ణి చూశాను. ఎప్పుడూ ఏదో ఒకటి ఆడిస్తూ ఉండే ఆ చేతుల్ని గుండెల మీద కట్టి పెట్టారు. ఎక్కువసేపు చూడలేకపోయాను.

నేను ఆవిడకి చుట్టాన్ని కాను, రోగినీ కాను. వేరేవాళ్ళతో పోట్లాటకి ఆవిడ సాయం అడగబోయి, అక్కడే మిగిలిపోయినవాణ్ణి.

అదెలాగో చెబుతాను. మా అమ్మ లేదు కాబట్టి అక్క కాన్పు అత్తవారింట్లోనే జరిగింది. బావ కువైట్‌లో ఉన్నాడు. ఆడపిల్ల పుట్టింది. పుట్టిన దగ్గర్నుంచీ పాల దగ్గర ఒకటే ఏడుపు. పట్టుకున్నట్టే పట్టుకుని జారిపోయేది. అక్కకి పుళ్ళు పడ్డాయి, పిల్ల బరువు తగ్గుతోంది. ఎవరో చెబితే డాక్టరమ్మ గారికి చూపించారు. ఆవిడ వేలితో పిల్ల నాలుక ఎత్తి చూసి, కింద తీగ బిగుసుకుని ఉందనీ, ఫ్రెనాటమీ చెయ్యాలనీ, అంటే ఆ తీగకి చిన్న గాటు పెట్టాలనీ అన్నారు. ఆ 'గాటు' దగ్గరే అక్క అత్తగారు పిల్లని లాక్కుని ఆటో ఎక్కేశారు.

"ఆడపిల్ల నాలుక కోయించమంటారా? రేపు మూగదైతే పూచీ ఎవరిది?" అని ఇంటిల్లిపాదినీ కేకలేశారట. అయినవిల్లి వినాయకుడికి మొక్కుకున్నారు. వస అరగదీసి నాలుకకి రాశారు. "కొందరికి తల్లిపాలు పడవు. డబ్బాపాలు పట్టండి" అని తేల్చేశారు. అక్క ఫోన్‌లో ఏడ్చింది.

నాకు ఒళ్ళు మండిపోయింది. నేను చదువుకున్నది కాలేజీలో తక్కువ, కరపత్రాల్లో ఎక్కువ. బస్టాండులో పంచినవీ, సభల్లో కుర్చీల మీద వదిలేసినవీ ఏరుకుని చదివి పెరిగాను. కోపం వస్తే నేనూ కరపత్రమే రాస్తాను. ఆ వేళ కూర్చున్న చోటు నుంచి లేవకుండా ఒకటి రాశాను. పేరు 'జిహ్వాబంధ విమోచన'. అందులో అక్క అత్తగారి పేరు లేదు గానీ, ఊళ్ళో ఎవరు చదివినా ఆవిడే అని తెలిసిపోతుంది. వైద్యం మాటలు సరిచూడమని తీసుకెళ్ళి డాక్టరమ్మ గారి బల్ల మీద పెట్టాను.

ఆవిడ చదివి, కళ్ళజోడు తీసి, నా మొహంలోకి చూశారు.

"విమోచనేంటయ్యా? ఎక్కడైనా జైలు బద్దలు కొడుతున్నామా?"

"తెలుగులో ఉండాలి కదండీ. ఇంగ్లీషు పేరైతే జనానికి ఏం అర్థమవుతుందండి?"

"నీ తెలుగు నాకే అర్థం కాలేదు. జనం దాకా ఎందుకు?"

తర్వాత చెప్పడం మొదలుపెట్టారు. నాకు గుర్తున్నంత వరకూ ఆవిడ మాటల్లోనే రాస్తాను.

"ఫ్రెనులం అంటే చిన్న కళ్ళెం. లాటిన్ మాట. నాలుక కింద సన్నటి పొర ఉంటుంది చూడు, అది. అందరికీ ఉంటుంది. కొందరికి పొట్టిగా, బిగుతుగా ఉండి నాలుకని లేవనివ్వదు. దానికి గాటు పెట్టి వదులు చెయ్యడం ఫ్రెనాటమీ. పాలు తాగే పిల్లలకి చేసేది మామూలుగా అదే. పొరని మొత్తం తీసేస్తే ఫ్రెనెక్టమీ. పొర మందంగా ఉండి, కోసి, సర్ది, కుట్లు వెయ్యాల్సొస్తే ఫ్రెనులోప్లాస్టీ. నువ్వు మూడూ కలిపి ఒకే ముద్ద చేసేవు. పైగా 'నాలుక శస్త్రచికిత్స' అన్నావు. నాలుకని ఎవరు ముట్టుకుంటున్నారయ్యా? ఈ కాగితం చదివిన తల్లికి, కోస్తారో, తీసేస్తారో, కుట్లేస్తారో తెలియక అన్నం సహించదు. మాట సరిగ్గా చెప్పకపోతే భయం దాని ఇష్టమొచ్చినంత పెరుగుతుంది."

'నాలుక అంటుకున్న ప్రతి బిడ్డకూ ఈ చికిత్స చేయించడం సమాజ కర్తవ్యం' అని నేను రాసిన వాక్యం మీద ఎర్రగీత పడింది. "తీగ ఉందని కొయ్యం. ఇబ్బంది ఉంటే కోస్తాం" అన్నారు. ఇంకొంచెం కిందకి వెళ్ళి ఆగారు.

"మూఢత్వం, మూఢత్వం అని తెగ రాసేవు. అది ఉన్న చోటల్లా భయం అని మార్చి చదువు. అప్పటికీ నీ కోపం నిలబడితే అచ్చేయించుకో."

చదివాను. కోపం నిలబడలేదు. అందుకని ఆవిడ మీద ఇంకా కోపం వచ్చింది.

"ఈ కాగితం ఇక్కడ వదిలెయ్. ఆవిణ్ణి తీసుకురా" అన్నారు.

అక్క అత్తగారిని బతిమాలడం నా జీవితంలో నేను చేసిన కష్టమైన పనుల్లో ఒకటి. "పిల్లని ముట్టుకోరంటండి, మాట్లాడతారంటండి" అని ఎన్నిసార్లు చెప్పానో. చివరికి ఆవిడ రెండు షరతుల మీద కదిలారు. పిల్ల ఆవిడ ఒళ్ళోంచి దిగకూడదు. కువైట్ నుంచి కొడుకు ఊఁ అనకుండా ఎవరూ కత్తెర ముట్టకూడదు.

డాక్టరమ్మ గారు పిల్ల వైపు చూడనేలేదు. సొరుగులోంచి చేతి అద్దం తీసి ఆవిడ చేతికిచ్చారు.

"నాలుక పైకెత్తి చూసుకోండి, వదిన గారూ."

"నాదెందుకండీ? నాకేం రోగం?"

"ఏం లేదండి. ఉన్నదే చూసుకోమంటున్నాను."

ఆవిడ మొహమాటపడుతూ నోరు తెరిచి, చాలాసేపు చూసుకున్నారు. "ఆయ్, ఉందండోయ్!" అన్నారు. ఆ అద్దం వరండాలోకి వెళ్ళింది. చెవిపోటుతో వచ్చిన పెద్దాయన చూసుకున్నాడు, ఆయన భార్య చూసుకుంది, నేనూ చూసుకున్నాను. కాసేపు అందరం నాలుకలు పైకెత్తి, గోదాట్లోంచి తీసిన చేపల్లా నోళ్ళు తెరుచుకుని ఉన్నాం. ఆవిడ పద్ధతి అదేనని తర్వాత తెలిసింది. ఫ్రెనాటమీ అని నోటితో చెప్పేముందు ఇంటివాళ్ళందరి చేతా వాళ్ళ వాళ్ళ తీగ చూయించేవారు. తన నోట్లో ఉన్నదాన్ని చూసి ఎవరూ భయపడరు కదా.

తర్వాత బావకి వీడియో కాల్ చేశాం. పనిలో ఉన్నాడు. తలకి హెల్మెట్, వెనకాల ఇనప చువ్వలు.

"నమస్కారమండి మేడమ్ గారండి. పిల్లకెలా ఉందండి?"

"పిల్ల సంగతి తర్వాత, అల్లుడు గారూ. ముందు మీరు నాలుక చాపండి."

"ఆయ్?"

"చాపండి."

చాపాడు. పెదవి దాటలేదు. కొసలో మధ్యన నొక్కినట్టు చిన్న గాడి. బావని ఇన్నేళ్ళుగా చూస్తున్నాను, ఎప్పుడూ గమనించలేదు. అతని వెనకాల పనివాళ్ళిద్దరు వచ్చి చేరి, వాళ్ళు కూడా చాపి చూపించడం మొదలుపెట్టారు.

"అదిగో. మీ అమ్మాయి కొత్తగా తెచ్చుకున్నదేం కాదు. ఇంటి ఆస్తే."

"అయితే నాక్కూడా కొయ్యాలాండి?"

"మీకేంటి ఇబ్బంది?"

బావ ఆలోచించాడు. "కోన్ ఐస్‌క్రీం నాకడానికి కుదరదండి."

"దానికి కత్తెరెందుకండీ? చెంచా కొనుక్కోండి."

అందరం నవ్వాం. అక్క కూడా నవ్వింది. నవ్వనిది అత్తగారొక్కరే. ఆవిడ ఫోన్‌లో కొడుకు నోటి వంకే చూస్తున్నారు.

"వీడికి నా పాలు పడలేదండి" అన్నారు. "ఇదిగో, ఇలాగే. పట్టుకునేవాడు, జారిపోయేవాడు, ఏడ్చేవాడు. మా అత్తగారు, నీ పాలు విషమే అన్నారండి. పిండి గోడకి పారబోయించేవారు. ఉగ్గుగిన్నెతో ఆవుపాలు పోసి పెంచేనండి వీణ్ణి. ఈ వేళ వరకూ వాడికి చెప్పలేదు."

ఫోన్‌లో బావ హెల్మెట్ తీసేశాడు.

డాక్టరమ్మ గారు కుర్చీ ఆవిడ దగ్గరికి జరుపుకున్నారు. "అప్పుడు నేను చూళ్ళేదండి, వదిన గారూ. ఇదే కారణమని ఒట్టేసి చెప్పలేను. కానీ పాలు విషమవ్వవండి. ఏ తల్లికీ అవ్వవు. మీకూ అవ్వలేదు."

"చేయించెయ్యవే అమ్మా" అన్నాడు బావ.

ఆవిడ కొంగుతో మొహం తుడుచుకుని, "మొక్కుకున్నానండి మరి, అయినవిల్లి" అన్నారు.

"తీర్చుకోండి. పాలు తాగేక అందరూ కలిసి వెళ్ళండి. నా పేరు కూడా చెప్పండి."

నేను పళ్ళు కొరుక్కున్నాను. బయటికొచ్చాక అడిగాను కూడా, డాక్టరై ఉండి అలా అనొచ్చా అని. "ఆవిడ దేవుడికి ఇచ్చిందాన్ని నేనెందుకు లాక్కోవాలి? నాక్కావాల్సింది పిల్ల ఆకలి తీరడం" అన్నారు. ఈ విషయంలో ఆవిడతో నాకు పడలేదు. ఇప్పటికీ పడదు. ఆ తర్వాత చెవుల్లో కాచిన నూనె పొయ్యకండి అని రాసినా, పిన్నీసుతో గులిమి తియ్యకండి అని రాసినా, ఆ బల్ల మీద పెట్టి, ఎర్రగీతలు పడ్డాక, మళ్ళీ ఈ మొక్కు దగ్గరికే వచ్చి వాదించుకునేవాళ్ళం. నిన్న ఒక కొత్తది రాశాను. 'మేలుకో ప్రజా' అని మొదలుపెట్టాను. ఆవిడుంటే ఇక్కడ ఏమనేవారో తెలుసు. తెలిసినా నా అంతట నేను కొట్టెయ్యలేకపోతున్నాను. ఆవిడ కొట్టేస్తే బాగుండేది.

ఆ రోజు గాటు పెట్టేటప్పుడు మగవాళ్ళం బయటే ఉండిపోయాం. గది గుమ్మానికి తెర ఉంది. లోపల మాటలు వినబడుతూనే ఉన్నాయి.

"ఏడుస్తుంది. రక్తం చుక్క వస్తుంది. ముందే చెబుతున్నాను. తల మీరే పట్టుకోండి, వదిన గారూ. ఊపిరి బిగబట్టకండి, మీరు పడిపోతే పిల్లనెవరు పట్టుకుంటారు?"

పిల్ల ఒక్కసారి కెవ్వుమంది. నేను వరండా స్తంభాన్ని పట్టుకున్నాను. అంతలోనే "అయిపోయిందమ్మా, ఒళ్ళోకి తీసుకుని పాలివ్వు" అన్నారు. ఏడుపు సన్నగిల్లింది. ఇంకొంచెం సన్నగిల్లింది. ఆగింది.

"ఆ ఫ్యాను కట్టండి" అన్న మాట వినబడింది. రెక్కలు తిరిగి తిరిగి నిలిచిపోయాయి. ఇంట్లో వేరే చప్పుడు లేదు. చెవిపోటు పెద్దాయన దగ్గబోయి ఆపుకున్నాడు. గాలి ఆగాక తెర ఒక పక్కకి జారి ఉండిపోయింది. ఆ సందులోంచి నాకు అక్క కనబడలేదు, పిల్ల కనబడలేదు. ఎవరూ మాట్లాడొద్దన్నట్టు ఎత్తి ఉంచిన డాక్టరమ్మ గారి చెయ్యి ఒక్కటే కనబడింది.

అప్పుడు వినబడింది. గుటక. కాస్త ఆగి ఇంకొకటి. తర్వాత వరసగా.

"తాగుతోందండి" అన్నారు అక్క అత్తగారు గుసగుసగా.

వీధిలో కొబ్బరికాయల లారీ ఒకటి హారన్ కొట్టుకుంటూ వెళ్ళిపోయింది. ఆ చప్పుడు దూరమయ్యేదాకా కూడా ఆ చెయ్యి కిందికి దిగలేదు.