పాటలో తిట్టు

పాటలు రాసిపెట్టే మాస్టారికి చెవులు పెద్దవి, మాట తక్కువ. ఆయన సిరాతో రాసిన కాగితం మీద అరచెయ్యి ఆనిస్తే పాడినవాళ్ళ గొంతే మళ్ళీ వినిపిస్తుంది. ఒక్క మాట దిద్దినా కాగితం మూగదైపోతుంది. అందుకే ఊళ్ళో పెద్దమనుషులకి ఆయనంటే గిట్టదు. తమ తాతలు ఏనాడూ తప్పు పాడలేదని వాళ్ళ గొప్ప. పాట రాయమని ఎవరు పిలిచినా, మాస్టారు గుమ్మం దగ్గర చెప్పులతో పాటు గొంతు కూడా విడిచి వచ్చినట్టు నిశ్శబ్దంగా లోపలికొస్తాడు. కలం మొన నాలుకకి ఆనించి చూసుకుని, గోడకేసి తిరిగి కూర్చుంటాడు. మొహంలోకి చూస్తే పాడేవాళ్ళు సిగ్గుపడతారట.

ఆ రోజు పిలిచింది ఒక అక్కా తమ్ముడూ. వాళ్ళమ్మ మతిమరుపులో కన్నపిల్లల్నే మర్చిపోయింది. మిగిలిన జోలపాట కూడా పోయేలోపు రాయించుకోవాలని అక్క ఆరాటం. మంచం మీద పాడుతున్న అమ్మ మధ్యలో ఆగి, "కాళ్ళాడించకే కోతీ!" అని కసిరి, మళ్ళీ పాట అందుకుంది. అంతవరకూ మాస్టారి వెనక కిర్రు కిర్రుమంటున్న మంచం ఆ కసురుతో ఆగిపోయింది. పాట అయ్యాక తమ్ముడు, "ఆ తిట్టు తీసేయండి మాస్టారూ, నలుగురూ వినేది. అయినా ఎవర్ననుకుని అంటోందో!" అన్నాడు. "నన్నేరా," అంది జుట్టు నెరిసిన అక్క, మంచం అంచు మీంచి వేలాడుతున్న కాళ్ళు దగ్గరకి లాక్కుంటూ. "ఎన్నాళ్ళకో అమ్మ నన్ను పిలిస్తే, తీసేయమంటావేంట్రా?" మాస్టారు అప్పటికే రాసేసి, ఆ తిట్టు మీద సిరా ఆరేలా మెల్లిగా ఊదుతున్నాడు.