తీసెయ్యమంటే తీసెయ్యాల్సిందే

మా డైరెక్టరమ్మకు ఒక పిచ్చి నియమం ఉండేది. సినిమా పూర్తవగానే ముందు అందులో ఉన్నవాళ్లకే చూపించాలి. ఎవరైనా తమను తీసెయ్యమంటే మారుమాట్లాడకుండా తీసెయ్యాలి. వీధులూడ్చే ఆడవాళ్ల మీద, తోళ్ల షెడ్లలో పనిచేసేవాళ్ల మీద, ఎవరూ ఇల్లు అద్దెకివ్వని కుటుంబాల మీద జీవితమంతా డాక్యుమెంటరీలు తీసిందామె. ఎడిటర్ని నేను. నెలల తరబడి కళ్లు పొడుచుకుని కూర్చిన సినిమా చివరికి ఎలకలు కొట్టిన గుడ్డలా మిగిలేది. నాకు కడుపు మండిపోయేది. వాళ్ల ముఖం వాళ్లదే, మనది కాదు అనేదామె.

పెళ్లి చేసుకోలేదు. అన్నగారింట్లో ముందుగదే ఆమె ఇల్లు, మా ఎడిటింగ్ రూమూనూ. లోపల మంచం పట్టిన తల్లి. ఆవిడకు స్నానం, మందులు, అన్నగారికి సమస్తం, అన్నీ వదినే. డైరెక్టరమ్మ కాలికి బలపం కట్టుకుని తిరగగలిగిందంటే వదిన గడప దాటకపోబట్టే. ఆ మాట నేనంటే ఆమెకు కోపం వచ్చేది, నిజం కాబట్టి.

ఒకరోజు టీ తెచ్చిన వదిన, మానిటర్ మీద వీధి ఊడుస్తున్న మనిషిని చూస్తూ నిలబడిపోయింది.

"నన్ను కూడా ఒకసారి తియ్యరాదూ అమ్మాయీ? నేనూ ఉన్నానని ఎవరికైనా తెలియాలిగా."

తీసింది. అందులో అన్నగారి ముఖం దాదాపు లేదు, గొంతే. ఏమే, నీళ్లు. ఏమే, కళ్లజోడు. పిలిచినప్పుడల్లా వదిన చేతిలో పని వదిలేసి "ఆ, వస్తున్నా" అని లేస్తుంది. మేమిద్దరం చేసిన వాటిలో అంత మంచిది ఇంకోటి లేదు.

ముందుగదిలో చూపించాం. వదిన ముఖం వెలిగిపోయింది. అన్నగారు మాత్రం లేచి నిలబడ్డారు.

"నన్ను తీసెయ్యమ్మా. గొంతు కూడా వినబడకూడదు. నీ రూలే కదా?"

నాకు ఒళ్లు మండింది. ఆ పిలుపులు పోతే సినిమాలో ఇంకేముంటుంది? కానీ రూలు ఆమెదే, తలదాచుకున్న గదేమో ఆయనది. డైరెక్టరమ్మ సరేనని తలూపింది. పోనీ, నన్ను మాత్రం ఉంచండి అని వదిన బతిమాలింది.

ఒక్కో పిలుపే కత్తిరించి, మళ్లీ చూపించాం. తెర మీద వదిన అన్నం కలుపుకుంటోంది. ఎవరూ పిలవలేదు. ముద్ద కంచంలోనే వదిలేసి "ఆ, వస్తున్నా" అని లేచింది. బట్టలు మడతపెడుతోంది. ఎవరూ పిలవలేదు. మళ్లీ లేచింది. ఇప్పుడు బాగుందని అన్నగారు తృప్తిగా లోపలికి వెళ్లారు.

వదిన తెర మీంచి చూపు తిప్పలేదు.

"ఎవరూ పిలవలేదుగా," అంది మెల్లగా. "మరి నేనెందుకు లేచాను?"

డైరెక్టరమ్మ నా వైపు చూసింది. నాకు ఏడుపొచ్చింది. లోపల్నుంచి ఏ చప్పుడూ లేదు. కాసేపటికి వదిన, ఆయనకు నీళ్లు కావాలేమో అంటూ లేచి వెళ్లింది.